పన్నెండో ఫారంలో దేవత

ఆదివారం, పదిహేడో తేదీ
ఆరాధన ముగిసి, మందిరం బెంచీలు సర్దిన తర్వాత

గౌరవనీయులైన బావగారికి,

మీ బావమరిది, ఆరు రోజులు బైండింగ్ షెడ్డులోనూ ఏడో రోజు జీతం లేని బోధలోనూ బతుకు వెళ్ళదీస్తున్నవాడు, చేతులు జోడించి వ్రాయునది. పైవాడి కృపవల్ల ఇక్కడ నేను, నా మోకాళ్ళు తప్ప మిగతా శరీరమంతా, క్షేమం. అక్కడ మీ క్షేమం మీరు రాసిన నాలుగు వరుసల వల్ల కొంతా, ఆ వరుసలు కాగితం మీద ఏటవాలుగా కిందికి జారిపోయిన తీరు వల్ల మరికొంతా తెలిసింది.

ఇక ఈ మర్యాద చాలు బావా. నా వల్ల కాదు. మా అక్కతో నీకు పెళ్ళయిన కొత్తలో, స్నేహితుడైతే మాత్రం ఏం, ఇప్పుడు బావ అయ్యాడు, మీరు అనాలిరా అని నాన్న కళ్ళెర్ర చేస్తే బుద్ధిగా అలాగే పిలిచాను. నేను మీరు అన్న ప్రతిసారీ నువ్వు వెనక్కి తిరిగి, ఎవరొచ్చారు, ఎవరొచ్చారు అని వెతికేవాడివి. చివరికి నాన్నే విసిగి, ఏడవండి, ఎలా పిలుచుకుంటారో పిలుచుకోండి అన్నాడు. నాన్న ఇచ్చిన ఆ అనుమతి ఇంకా చెల్లుతుందనే అనుకుంటున్నాను.

నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. అక్కను మట్టికి అప్పగించి వచ్చిన తర్వాత, ఇన్నేళ్ళకు, నీ దగ్గర నుంచి వచ్చిన మొదటి ఉత్తరం. అందులో ఒక్క కుశలప్రశ్న లేదు. నీ తవ్వకాల నవలలన్నీ మళ్ళీ అచ్చు వేస్తామని ఎవరో ప్రచురణకర్త వచ్చారన్నావు. అన్నీ దొరికాయి, తాళపుచెవుల దేవత నవల ఒక్కటే దొరకలేదన్నావు. అద్దె పుస్తకాల దుకాణాల్లో ఉన్నవి చెదల పాలయ్యాయి, మిగిలింది నీ సొంత ప్రతి. అందులో, సరిగ్గా నీ కథానాయకుడు పండితుడు గది తలుపు తోసే చోట, పదహారు పేజీలు నవల లేదు. వాటి స్థానంలో నా పరిశుద్ధ గ్రంథంలోని ధర్మశాస్త్రం కూర్చుని ఉంది. ఆ గదిలో ఏం జరిగిందో నీకే గుర్తు లేదు. కళ్ళు మసకలు, మళ్ళీ రాసే ఓపిక లేదు. అందుకని, తలుపు తెరిస్తే గది ఖాళీగా ఉంది అని ఒక్క వాక్యం రాయించి అతుకు వేస్తున్నాను, నెలాఖరుకు అచ్చుకు పోతుంది అన్నావు. చివర్న ఒక దెప్పు: నా దేవత నీ దగ్గర ఇంకా ఉందా, పొయ్యిలో పెట్టేశావా బోధకుడా అని.

పొయ్యిలో పెట్టలేదు. ఉంది.

గది ఖాళీ అని రాయించకు బావా. దేవుళ్ళ మీద దండయాత్ర చేసినవాణ్ణి నేను. ఇంతకాలం గొంతు చించుకుని అరిచినవాణ్ణి. ఆ వాక్యాన్ని నేనే ఒప్పుకోలేను. నీకు గుర్తు లేదన్నావు కాబట్టి, నీకు తెలిసిన కథే నీకు చెబుతున్నాను. విను.

మా షెడ్డు గుర్తుందా? ఉడుకుతున్న జిగురు వాసన, కటింగ్ మెషిన్ దెబ్బకు అదిరే కిటికీ రెక్క, పక్క ప్రెస్సు నుంచి తడి ఆరని ఫారాలు భుజాన వేసుకొచ్చే మనిషి. నా చదువంతా ఆ మడత పెట్టని ఫారాల మీదే. ఒక పెద్ద కాగితం, దాని మీద పదహారు పేజీలు, మొదటి పేజీ పక్కన పదహారోది, పైన నాలుగు తలకిందులు. బడి మానిపించిన వాడికి అదే బడి. నాకు ముందు చివర తెలిసేది, తర్వాత మధ్య తెలిసేది. అందుకే నీ నవలల్లో దొంగ ఎవరో ముందే చెప్పేసి నీ చేత మొట్టికాయలు తినేవాణ్ణి.

నువ్వేమో మూలనున్న స్టూలు మీద కూర్చుని, ప్రెస్సు వాళ్ళు తొందర పెడుతుంటే, మోకాలి మీద అట్టముక్క పెట్టుకుని రాసేవాడివి. ఇసుకలో పూడిపోయిన నగరాలు, ముక్కు విరిగిన వానదేవుడు, కన్ను మూయని సముద్రదేవత, వాళ్ళను ఎత్తుకుపోవాలని చూసే దొంగల ముఠా, వాళ్ళకు అడ్డుపడే మన బ్రష్షు పండితుడు. పార ఎలా పట్టుకోవాలో తెలీదు గానీ ఈ మహానుభావుడు ఏడు నగరాలు తవ్వేశాడమ్మా అని అక్క అందరికీ చెప్పి నవ్వేది. పండితుడి చేతిలో బ్రష్షు ఎక్కణ్ణుంచి వచ్చిందో లోకానికి తెలీదు. అది మా జిగురు బ్రష్షు. చివరికి పదిహేను వెంట్రుకలు మిగిలిన ఆ బ్రష్షుతోనే మనం కాగితాల గదిలో తవ్వకాలు చేసేవాళ్ళం. కోత ముక్కలు కప్పు దాకా ఉండేవి. వాటి అడుగున ఇనుప బరువును పాతిపెట్టి, దానికి ఏదో పేరు పెట్టి, మెల్లగా దులుపుతూ బయటికి తీసేవాళ్ళం. పెళ్ళీడొచ్చిన మగాడివి నువ్వు, మీసాలొస్తున్న వెధవని నేను. బయట నాన్న, పని దొంగల్లారా అని అరుస్తుంటే లోపల నువ్వు గుసగుసగా, కదలకు, మూడు వేల ఏళ్ళ తర్వాత ఆయన గాలి పీలుస్తున్నాడు అనేవాడివి. ఇప్పటికీ కాగితపు పొడి ముక్కుకు తగిలితే ఆ మాటే వినపడుతుంది.

ఆ గది తాళం అక్క దగ్గర ఉండేది. షెడ్డు తాళం, బీరువా తాళం, నాన్న చక్కెర డబ్బా తాళం, అన్నీ ఒకే గుత్తిలో అక్క నడుముకు. మర్యాదగా అడగందే ఇచ్చేది కాదు. నువ్వు సైగ చేస్తే చూడనట్టుండేది, నేను గుంజుకోబోతే గిల్లేది. నోరు లేదా, అడగలేవా అనేది. నువ్వు ఒకరోజు అడిగావు. తాళం కాదు, ఆమెనే. ఆ సంగతి నాన్నకు చెప్పే ధైర్యం లేక నన్ను పంపావు. ఏమిటిరా, వాడి దగ్గర నాలుగు విగ్రహాలు తప్ప ఏముంది అని నాన్న అంటే, వాటిని కూడా దొంగలు ఎత్తుకుపోబోతున్నారు నాన్నా అన్నాను. ఆ నవ్వుతోనే ఒప్పుకున్నాడు.

తర్వాత నాకు దేవుడి వాక్యం పట్టుకుంది. ఎండుగడ్డికి నిప్పు అంటుకున్నట్టు పట్టుకుంది. నేను నీ మొహం మీదే అన్నాను, నోరుండీ పలకనివాటి గురించి, చెవులుండీ విననివాటి గురించి కథలల్లి జనాన్ని చెడగొడుతున్నావు, ఇకమీద నీ ఫారం ఒక్కటి కూడా మడవను అని. నువ్వు కాలు మీద కాలేసుకుని, ఒరేయ్, నీ దేవుడికి కోట్లమంది ఉన్నారు, అడిగేవాడు లేని దేవుళ్ళకు నేనొక్కణ్ణే దిక్కు, వాళ్ళ నోట్లో అన్నం ముద్ద తీసేస్తావా అన్నావు. నేను ఇంకా గట్టిగా అరిచాను. అక్క మనిద్దరి మధ్య కూర్చుని ఫారాలు కుడుతూనే ఉంది. ఎడమచేత్తో. నాన్న యథాప్రకారం, నీ ముడులు చూడు, అన్నీ అవతలి పక్క పడతాయి, పుస్తకం దొంగతనం చేసినా ముడి చూసి పట్టుకుంటారు నిన్ను అని సణిగాడు.

ఆ వారమే నాన్న రెండు పుస్తకాలు తన చేత్తో కుట్టాడు. నా మొదటి బోధకు బహుమానంగా నాకొక గ్రంథం. నీ కొత్త నవల నీకొకటి. రెండూ ఒకే సైజు, ఒకే నల్ల క్యాలికో గుడ్డ, ఒకే కట్టలో పక్కపక్కన. అట్టలు అతికించాక జిగురు ఆరేదాకా బరువు పెట్టాలి కదా. పుస్తకాలు నొక్కే యంత్రానికి సీల విరిగిందని అక్క ఆ రోజంతా ఆ దొంతర మీదే కూర్చుంది. నాన్న అన్నానికి పిలిస్తే, నేను లేవను నాన్నా, లేస్తే అట్టలు వంకరపోతాయి అంది.

ఆదివారం వచ్చింది. మందిరం నిండా జనం. కమ్మరాయన, కుట్టుమిషన్ ఆవిడ, ముందు వరుసలో నాన్న, వెనక వరుసలో నన్ను వెక్కిరించడానికే వచ్చిన నువ్వు. విగ్రహాలను పగలగొట్టండి, బలిపీఠాలను కూలదోయండి అన్న ధర్మశాస్త్ర భాగం తీశాను. ఏవీ ఆ దేవుళ్ళు, ఏరీ వాళ్ళ పూజారులు, గుమ్మాలు ఇసుక తిన్నది, గోపురాలు గాలి తిన్నది అని పూనకంతో ఊగిపోతూ, చదువుతూ, పేజీ తిప్పాను. తిప్పి అదే గొంతుతో, అదే ఊపులో చదివాను: పండితుడు దీపం పైకెత్తాడు. రాతి పీఠం మీద ఆమె కూర్చుని ఉంది. నడుమున తాళపుచెవుల గుత్తి ఇంకా మెరుస్తోంది.

ఆమేన్ అన్నారు జనం!

పేజీ వెనక్కీ ముందుకీ తిప్పి చూశాను. నువ్వు వెనక బెంచీ కింద దూరి నవ్వుతున్నావు. కమ్మరాయన, ఆపేశారేం, ఆ తల్లి ఏమంది అని అడిగాడు. ఆ కుట్టుమిషన్ ఆవిడ పోయేదాకా ప్రతి ఆదివారం గుమ్మం దగ్గర ఆపి, లోపల ఆవిడ ఏమందో చెప్పకుండా మమ్మల్ని ఇన్నేళ్ళు ఊరిస్తారా అనేది. అది గ్రంథంలోది కాదమ్మా అంటే, చెప్పడం ఇష్టంలేక అలా అంటారు అనేది.

ఇంటికొచ్చి చూస్తే నీ నవలలో నా ధర్మశాస్త్రం. పండితుడు తలుపు తోయగానే లోపలినుంచి, విగ్రహాలను కాల్చివేయండి అన్న ఆజ్ఞ. రెండింటికీ అడుగున పన్నెండు అన్న ఫారం నంబరే. ముసలాడినైపోయాను, రెండు పన్నెండ్లు తారుమారు చేశాను అని నాన్న తల పట్టుకున్నాడు. మళ్ళీ తనే, మీరిద్దరూ ఎలాగూ కలిసేలా లేరు, మీ పుస్తకాలైనా కలిశాయి పొండి అని నవ్వేశాడు. విప్పి సరిచేస్తాను ఇవ్వండి అంటే అక్క అడ్డం పడింది. ఉండనీ నాన్నా, ఎవరి ముక్క వాళ్ళకు కావాలనిపించినప్పుడు వాళ్ళే వచ్చి అడుగుతారు అంది.

నువ్వు అడగలేదు. నేనూ అడగలేదు. మొండికేయడంలో మనిద్దరం ఒకే అచ్చు. పండగలకూ చావులకూ పలకరించుకున్నాం, అక్క చేతి అన్నం పక్కపక్కన కూర్చుని తిన్నాం, ఆ రెండు పుస్తకాల ఊసు మాత్రం ఎత్తలేదు. ఆమె సమాధి మీద రాయి దగ్గర ఆ పలకరింపూ తెగిపోయింది. నువ్వు తాళపుచెవి చెక్కిస్తానన్నావు, నేను నీ నవల దేవత గుర్తు మా అక్క మీద పెట్టనివ్వనన్నాను. రాయి అలాగే బోడిగా ఉండిపోయింది. వెళ్ళిన ప్రతిసారీ ఆ నున్నటి రాయి చూసి ఎవరి రాయి అనుకుని ముందుకు నడిచి, మళ్ళీ వెనక్కి వస్తాను.

నీకు తెలియని ముక్క ఒకటి చెబుతాను. నేను ఏటా ఒకసారి గ్రంథం మొదలు నుంచి చివరి దాకా చదువుతాను, ఒక్క పేజీ వదలకుండా. ధర్మశాస్త్రం మధ్యకు వచ్చేసరికి ఏటా ఆవిడ ఎదురవుతుంది. ఆ పదహారు పేజీలూ కలిపి తిప్పెయ్యొచ్చు. తిప్పను. మొదట్లో శత్రువు బలం తెలుసుకోవాలి కదా అని చదివాను. తర్వాత ఆ సాకు కూడా మానేశాను. ఆ పేజీల్లో జిగురు వాసన ఉంది బావా. నాన్న సణుగుడుంది. అక్క నడుమున గుత్తి చప్పుడుంది. నీ కథలోని దేవత, నడిచేటప్పుడు గుత్తి మోగకుండా ఎడమచేత్తో పట్టుకుంటుంది. అలా పట్టుకునే మనిషి లోకంలో ఒక్కతే ఉండేదని నీకూ నాకూ తెలుసు. గది ఖాళీ అని రాయించబోయే ముందు ఇది గుర్తు తెచ్చుకో.

నా నమ్మకం ఇసుమంత కూడా కదల్లేదు, ఆశపడకు. ఉన్నవాడు ఒక్కడే. వచ్చే ఆదివారం మళ్ళీ అదే అరుస్తాను. కానీ ఇసుక కింద, పిలిచే నోరు లేక, పేరు కూడా మిగలక పడి ఉన్న వాళ్ళ మీద రాయి విసరడానికి ఈ మధ్య చెయ్యి లేవడం లేదు. దాన్ని జాలి అంటావో వయసు అంటావో నీ ఇష్టం.

ఇక అసలు సంగతి. ఆ ఫారం నీకు కావాలి, ఇస్తాను. పోస్టులో మాత్రం పంపను. నకలు రాసి పంపను. ఫోనులో చదివి వినిపించను. నీ పుస్తకం పట్టుకుని నువ్వే రా. నాన్న బల్ల అక్కడే ఉంది, సూదీ దారమూ మైనమూ సిద్ధం. రెండు పుస్తకాలూ పక్కపక్కన పెట్టి విప్పుతాను. నీ దేవత నీకు, నా ధర్మశాస్త్రం నాకు. నువ్వు స్టూలు మీద కూర్చుని దెప్పుతూ ఉండు, నేను కుడుతూ ఉంటాను. ప్రచురణకర్తకు చెప్పు, నెలాఖరు కాకపోతే వచ్చే నెల. మూడు వేల ఏళ్ళు ఆగిన ఆవిడ మూడు వారాలు ఆగలేదా?

ఆ గదిలో ఆవిడ ఏమందో ఇక్కడ రాయను. అధ్యాయాలు ఎక్కడ ఆపాలో నీ దగ్గరే నేర్చుకున్నాను.

కళ్ళ మందు వేళకు వేసుకో. మెట్లు చూసి దిగు.

పైవాడి చల్లని నీడలో నువ్వుండాలని, నీకిష్టం లేకపోయినా రోజూ ప్రార్థించే,

నీ బావమరిది,
బోధకుడు

తా.క. ఉత్తరం మడిచి కవరులో పెట్టబోయి ఆగాను. నువ్వొచ్చేసరికి కుట్టు వదులు చేసి ఉంచుదామని ఇప్పుడే గ్రంథం వీపు మీది గుడ్డ ఊడదీశాను. చేతులకు పాత జిగురు పొడి అంటి ఉంది, కాగితం మీద మరకలుంటే క్షమించు.

నాన్న పొరపాటు పడలేదు బావా. మొదటి నుంచి చివరి దాకా నాన్న ముడులే, ఇవతలి పక్క వరుసగా, కొలిచినట్టు. పన్నెండో ఫారం దగ్గర మాత్రం ఆ దారం కత్తిరించి ఉంది. వేరే దారంతో మళ్ళీ కుట్టి ఉంది. ముడులు అవతలి పక్క పడ్డాయి.

నాన్న పుస్తకం పూర్తి చేశాకే, అక్క ఎవరూ చూడకుండా విప్పి, మార్చి, కుట్టి, జిగురు పూసి, ఆ దొంతరెక్కి కూర్చుంది. గ్రంథంలో ఒక చిన్నకూతురుంది. తండ్రి ఇంటి దేవతలను దొంగిలించి, ఒంటె సామాను కింద దాచి, వెతకడానికి తండ్రి వస్తే, దాని మీదే కూర్చుని, లేవలేను నాన్నా అంటుంది. ఆ భాగం మీద ఎన్నిసార్లు బోధించానో! ఒక్కసారి కూడా మా ఇంటి బల్ల వైపు చూడలేదు.

నీ పుస్తకం వీపు కూడా విప్పించు. కళ్ళు కనపడకపోతే వేలితో తడుము. ముడి ఏ పక్కనుందో వేలికి తెలుస్తుంది.

ఆ రాతి మీద తాళపుచెవి చెక్కిద్దాం. తాళపుచెవులు నా గ్రంథంలోనూ ఉన్నాయి, ఎవరైనా నోరెత్తితే నేను చూసుకుంటాను.

రాయనన్నాను గానీ ఉండబట్టలేక రాస్తున్నాను. పండితుడు దీపం పట్టుకుని అడుగుతాడు, ఇన్ని వేల ఏళ్ళు తలుపు తీసేవాళ్ళు లేక ఇలాగే ఉండిపోయావా తల్లీ అని. ఆవిడ నడుమునున్న గుత్తి తీసి చూపిస్తుంది. తాళం లోపలి పక్కే ఉంది నాయనా, ఎవరైనా పిలుస్తారేమోనని చూశాను అంటుంది.

బావా, పిలుస్తున్నాను.